ఖాళీ లారీ తూకం

అట్టపెట్టె విప్పితే లోపల ఇంకో అట్టపెట్టె, దాని లోపల తెల్లటి నురుగు ముక్కలు, వాటి నడుమ నల్లటి ఇనుప డబ్బా. ఎత్తు జానెడు. చూడ్డానికి చిన్నదే గానీ ఎత్తితే చెయ్యి లాగింది.

"ఇంతోటి దానికా నెల్లాళ్ళుగా ఫోనులో తల దూర్చేశావు?" అన్నాడు బావ. "మా లిఫ్టు మోటారు కవరు ఇంతకన్నా అందంగా ఉంటుంది."

"అందం సంగతి తర్వాత చూద్దాంలే గానీ, ఆ స్క్రూడ్రైవరు ఇలా ఇవ్వు బావా."

బావ అంటే ఆమె భర్తే. లిఫ్టు మెకానిక్కు. పెళ్ళయి నాలుగేళ్ళయినా ఆ పిలుపు మారలేదు. ఆమె మంచినీళ్ళు పరీక్షించే ల్యాబులో పనిచేస్తుంది. ఊరి నలుమూలల నుంచీ సీసాల్లో వచ్చే నీళ్ళలో ఏమేం ఉండకూడదో అవి ఉన్నాయేమో వెతకడం ఆమె ఉద్యోగం. పదేళ్ళుగా అదే పని కావడంతో ఇంట్లో కూడా దేన్ని చూసినా అందులో ఉండకూడనిదేదో ఉందన్న అనుమానమే. పాప పుట్టి పది నెలలయ్యాక ఆ అనుమానానికి కాళ్ళొచ్చాయి. పాప నోట్లో పెట్టుకునే గిలక్కాయను రోజుకు రెండుసార్లు మరిగే నీళ్ళలో ముంచుతుంది. బావ ఆమెను సైంటిస్టమ్మా అని పిలిచేది అలాంటప్పుడే.

కిటికీ పక్కన కుర్చీలో పాపను ఒళ్ళో కూర్చోబెట్టుకుని ఆమె నాన్న చూస్తున్నాడు. ఆయన పక్కనే పలక. దాని మీద బలపంతో రాసి, ఇటు తిప్పి చూపించాడు: "లోపల ఏముంది?"

"రెండు డిస్కులు నాన్నా. ఒకదాంట్లో పడింది రెండోదాంట్లోనూ అచ్చంగా అలాగే పడుతుంది. ఒకటి పాడైపోయినా ఇంకొకటి ఉంటుంది."

ఆయన పలక తుడిచి ఒక్కమాట రాశాడు: "కార్బన్ పేపరు."

"అదే! సరిగ్గా అదే," అని నవ్వింది.

ఏడేళ్ళ కిందట ఆయన గొంతులో గడ్డ పుట్టింది. దానితో పాటు డాక్టర్లు మాట పుట్టే పెట్టెనంతా తీసేశారు. మెడ కింద చిన్న రంధ్రం మిగిలింది. దాని మీద ఎప్పుడూ ఉతికిన తెల్లగుడ్డ వేలాడుతూ ఉంటుంది. మెడకు ఆనించి నొక్కితే మాటలు పలికించే యంత్రమొకటి ఆసుపత్రి వాళ్ళే ఇచ్చారు. ఆయన ఒకే ఒక్కసారి వాడాడు. అందులోంచి తన మాటగా వచ్చిన గరగర విని, యంత్రాన్ని సొరుగులో పెట్టి తాళం వేశాడు. ఆ రోజు నుంచి పలకే ఆయన నోరు. అంతకు ముందు తీసుకున్న ఒకటి రెండు ఫోను వీడియోలు, ఆ ఫోను నీళ్ళ బకెట్లో పడినప్పుడే పోయాయి. తర్వాత తీసినవి బోలెడున్నాయి. వాటన్నిటిలో ఆయన నవ్వుతాడు, తలూపుతాడు, పాపను గాల్లోకి ఎగరేస్తాడు. అంతే.

ఆయన గొంతు ఈ లోకంలో ఇంకొక్కచోటే మిగిలి ఉంది. మంచం కింద రేకు పెట్టెలో, ముప్పై రెండు కేసెట్ల మీద.

*

ఊరి చివర లారీలు తూచే కాంటా దగ్గర ఆయన ఇరవై ఎనిమిదేళ్ళు గుమస్తాగా పనిచేశాడు. అందరూ కాంటా మాస్టారు అనేవారు. రేకుల గది, ఒక కిటికీ, కిటికీ ముందు నేలకు సమంగా పరిచిన పెద్ద ఇనుప దిమ్మె. లారీ దాని మీదకు ఎక్కి ఆగేది. ఆయన ముల్లు చూసి, చీటీ రాయబోయే ముందు అంకెను కిటికీలోంచి గట్టిగా పిలిచేవాడు. డ్రైవరు చెవిన పడాలి, సరుకు తాలూకు మనిషి చెవినా పడాలి. ఇద్దరూ ఊఁ అన్నాకే చీటీ. అది ఆయన పెట్టుకున్న పద్ధతి.

"పదహారు వేలా... నాలుగొందలా... ఇరవయ్!"

వేల దగ్గర సాగదీసి, వందల దగ్గర ఎత్తి, చివరి అంకె దగ్గర బరువు కింద పెట్టినట్టు దించేసేవాడు. ఆ వెంటనే బల్ల మీది గంట రెండుసార్లు. ఇక బండి కదలొచ్చని అర్థం.

ఆమెకు ఆరేళ్ళప్పుడు అమ్మ పోయింది. అప్పటి నుంచి బడి వదలగానే ఆమె వచ్చేది కాంటా గదికే. గోనెసంచుల మీద కూర్చుని లెక్కలు చేసుకునేది, అక్కడే నిద్రపోయేది. మధ్యాహ్నాలు రేడియోలో పాటలొచ్చేవి. ఆయన దగ్గర రేడియో వేరు, టేప్ రికార్డరు వేరు. రెంటినీ కలిపే వైరు దొరక్క, రేడియోకు ఎదురుగా రికార్డరును కూర్చోబెట్టి మీట నొక్కేవాడు. అందువల్ల పాటతో పాటు గదిలో ఉన్నదంతా టేపులోకి ఎక్కేది. లారీ హారన్లు, బ్రేకుల కీచులు, గంట, అన్నిటికన్నా దగ్గరగా ఆయన పిలుపు. ఇంటికొచ్చి విన్నప్పుడల్లా ఆయన నాలిక కరుచుకునేవాడు. "ఛ! ఎంత మంచి పాట! మధ్యలో నా గోల!"

ఆమెకు మాత్రం ఆ గోల లేకుండా ఆ పాటలు తెలియనే తెలియవు. పెద్దయ్యాక ఎక్కడైనా ఆ పాటలు వినబడితే, ఫలానా చరణం తర్వాత ఫలానా బరువు రావాలని చెవి ఎదురుచూసేది. రాకపోతే మెట్టు ఉందనుకుని కాలు వేసి తూలినట్టుండేది.

అన్నిట్లోకీ తొమ్మిదో కేసెట్టు, రెండో వైపు. ఆమెకు ఎనిమిదేళ్ళు. కుండపోత వాన. బడి నుంచి తడిసి ముద్దయి వచ్చి, లారీ ఏదీ లేదు కదా అని నేరుగా ఇనుప దిమ్మె మీద నుంచే గదివైపు నడిచింది. ఆ కాంటాకు ఇరవై కిలోలకు తక్కువైనదేదీ కనబడదు. ఆమె బరువు ఇరవై మూడో ఇరవై నాలుగో ఉంటుంది. ముల్లు ఒక్క గీత కదిలింది. గదిలో ఆయన దాన్ని చూశాడు. వాన చప్పుడును మించి, వరసలో ఉన్న డ్రైవర్లందరికీ వినబడేలా పిలిచాడు. డ్రైవర్లు పగలబడి నవ్వారు. ఆ నవ్వు కూడా టేపులో ఉంది. ఆయన ఏమని పిలిచాడో ఆమెకు సగం గుర్తు. అందులో సరుకు అన్న మాట ఉంది. ఆ సాయంత్రం నుంచే ఆమె పేరు ఇంట్లో చీటీ అయింది.

*

"మావయ్యకి అసలు సంగతి చెప్పావా?" అన్నాడు బావ, వంటింట్లో గిన్నెలు తుడుస్తూ.

"ఏ సంగతి?"

"నీక్కావాల్సింది పాటలు కావని."

ఆమె కుళాయి ఇంకాస్త తిప్పింది. నీళ్ళ చప్పుడు పెరిగింది.

"ఎలా చెప్పను బావా? నాన్నా, నీ గొంతు కావాలి అని ఎదురుగా నిలబడి అనమంటావా? ఆ మాటే మనింట్లో అనం కదా. నాకు గొంతునొప్పి వస్తే జలుబు అని చెప్తాను, తెలుసా నీకు?"

"తెలుసు. మొన్న నేనూ అలాగే అన్నాను."

"పాపకి నీ పాటలు వినిపించాలి నాన్నా అన్నాను. అంతే. పాటలొస్తే వాటితో పాటు అదీ వస్తుందిగా. ఎక్కడికి పోతుంది?"

బావ గరిటె తుడిచి కొక్కేనికి తగిలించాడు. "పాపకి ఏం అర్థమవుతుందే? లారీ బరువులు."

"అర్థం కాకపోతేనేం. తాతయ్య నోట్లోంచి ఇలా వచ్చేది అని దాని చెవికి తెలియాలి. ఇంకో రెండేళ్ళు పోతే ఆ టేపులు పొడి రాలిపోతాయి. అప్పుడు దానికి పలకే తాతయ్య."

మర్నాడు బావ లిఫ్టు పని ముగించుకుని వస్తూ పాత టేపు ప్లేయరుకు కొత్త రబ్బరు బెల్టు పట్టుకొచ్చాడు.

డిస్కులున్న నల్ల పెట్టెను రౌటరు పక్కన, పాప ఎంత నిక్కినా అందని ఎత్తులో పెట్టారు. బావ గోడ వెంబడి వైరు లాగి, మేకులు కొట్టి, కరెంటు పోయినా అరగంట ఆగేలా చిన్న బ్యాటరీ తగిలించాడు. ఆమె పెట్టెకు మారని చిరునామా అంకె ఒకటి ఇచ్చింది, ఇంట్లో ఎవరి ఫోనైనా వెతగ్గానే దొరికేలా. పాటలు అందించే ప్రోగ్రాం ఎక్కించింది. హాల్లో ఒక స్పీకరు, పడకగదిలో ఒకటి. ఫోనులో కేసెట్టు నంబరు నొక్కితే పెట్టెలోంచి పాట గాల్లో వచ్చి స్పీకర్లో పలుకుతుంది. ఒక్కో కేసెట్టుకు రెండు ఫోల్డర్లు, మొదటి వైపు, రెండో వైపు. అరవై నాలుగు ఖాళీ ఫోల్డర్లు వరసగా నంబర్లతో నిలబడితే, ఖాళీ సీసాలు కడిగి ఆరబెట్టినప్పుడు కలిగే తృప్తి కలిగింది.

ఆఖరున ఇంకో పని చేసింది. ల్యాబులో ప్రతి నీళ్ళ సీసాకూ జంట సీసా ఒకటి ఏడు రోజులు చల్లటి అరలో దాస్తారు. ఎవరైనా వచ్చి మీ లెక్క తప్పు అంటే మళ్ళీ చూడాలి కదా. ఎనిమిదో రోజు పారబోస్తారు. ఆ అలవాటు చొప్పున పెట్టెలో కూడా రోజూ తెల్లవారుజామున అప్పటికున్నది ఉన్నట్టుగా దాచి, ఏడు రోజులు ఉంచేలా పెట్టింది. పెట్టి, మర్చిపోయింది.

*

కేసెట్లు ఎక్కించే పని నాన్నదే. పగలంతా పాపను చూసుకునేది ఆయనే. పాప నిద్రపోయే వేళల్లో చెయ్యొచ్చు. ఆమె ఒక పూట కూర్చుని నేర్పింది. టేపు ప్లేయరు నుంచి వైరు ల్యాప్‌టాప్‌కు, ల్యాప్‌టాప్ నుంచి పెట్టెకు. తెర మీద పాట ఎగుడుదిగుడు గీతగా పరుగెత్తుతుంటే ఆయన కళ్ళజోడు సర్దుకుని చూశాడు. పలక మీద రాశాడు: "ముల్లు."

"ఆఁ, ముల్లు లాంటిదే నాన్నా. చప్పుడు పెద్దదైతే పైకి లేస్తుంది."

రెండో రోజుకే ఆయన ఆమెకన్నా బాగా చేస్తున్నాడు. ఏ గీత ఎక్కడ మొదలై ఎక్కడ ఆగిందో చూసి కత్తిరించడం, అతికించడం, పేరు పెట్టడం, అన్నీ. రోజుకు రెండు కేసెట్లు. తప్పితే ఒట్టు.

పాపకు దగ్గు పట్టుకుంది ఆ వారమే. ఆమె మొదటి అనుమానం రేకు పెట్టె మీదికే పోయింది. కేసెట్ల కొసల్లో తెల్లటి బూజు. దూదితో అద్ది ల్యాబుకు తీసుకెళ్ళి మైక్రోస్కోపు కింద చూసొచ్చింది కూడా.

"ఎక్కించినవి ఎక్కించినట్టు ఇంట్లోంచి పంపేద్దాం నాన్నా. ఈ బూజు పాప ఊపిరితిత్తుల్లోకి పోతే ఏం చేస్తాం?"

ఆయన చేతిలోని కేసెట్టును ఓసారి అటూ ఇటూ తిప్పి చూసుకున్నాడు. తలూపాడు. అయిపోయిన వాటిని ఆమే సంచిలో కట్టి, మూతి బిగించి, పాత సామాన్ల బండికి ఇచ్చేసేది. ఇచ్చి వచ్చి చేతులు సబ్బుతో రెండుసార్లు కడుక్కునేది.

రోజూ సాయంత్రం ఫోనులో ఎన్ని ఫోల్డర్లు నిండాయో లెక్క మాత్రం చూసుకునేది. ఒక్కటీ వినలేదు. పాప దగ్గుతో తీరిక లేదన్నది సగం నిజం. విన్న మరుక్షణం ఏడుస్తుందని ఆమెకు తెలుసు. ఆయన ఎదుట ఏడవకూడదు. ఆయనేమో ఇల్లు కదలడు. అన్నీ పూర్తయ్యాక, ఆయన పార్కుకు వెళ్ళిన ఏదో ఒక పూట, పాపను ఒళ్ళో పెట్టుకుని తొమ్మిదో నంబరు నొక్కాలి. తినేటప్పుడు ఇష్టమైన ముక్కను కంచం అంచున పెట్టుకునే అలవాటు ఆమెకు చిన్నప్పటి నుంచీ ఉంది.

*

పదిహేడో రోజు ఆదివారం. నాన్న పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకున్నాడు. హాల్లో అందరినీ కూర్చోమని చేత్తో సైగ చేశాడు.

"మావయ్యా, రిబ్బను ఉందా కత్తిరించడానికి?" అన్నాడు బావ.

ఆయన పలకతో బావ నెత్తిన ఉత్తుత్తి మొట్టికాయ వేసి, ఫోను తీసుకుని మొదటి కేసెట్టు నొక్కాడు.

పాట మొదలైంది. ఆ పాత వాయిద్యాలు, ఆ గాయని. ఆమె పాపను గట్టిగా పట్టుకుంది. మొదటి చరణం అయింది. ఇప్పుడు హారను వస్తుంది, తర్వాత బ్రేకు కీచు, తర్వాత...

రెండో చరణం మొదలైపోయింది.

పల్లవి వచ్చింది, వెళ్ళింది. పాట అయిపోయింది. ఇంకో పాట. హారను లేదు, గంట లేదు. అక్కడక్కడ చిన్న టిక్కు, అంతే. ఆమె ఫోను అందుకుని తొమ్మిది నొక్కింది. రెండో వైపు. వాన పాట రానే వచ్చింది, కానీ హోరు తగ్గించే మీట ఏదో నొక్కినట్టున్నాడు, వాన లేదు. ఆ పిలుపు ఉండాల్సిన చోట చరణంలో అర పాదం మాయమై, ముందు ముక్కా వెనక ముక్కా అతుకు తెలియకుండా కలిసిపోయాయి. చాలా నేర్పుగా.

"నాన్నా," అంది. "మధ్యలో ఉండాలి కదా... హారన్లూ, నువ్వు పిలిచేవీ. అవేవి?"

ఆయన మొహం వెలిగిపోయింది. ఆ ప్రశ్న కోసమే కూర్చున్నట్టు పలక అందుకున్నాడు. మూడు వరసలు రాశాడు.

మొత్తం.
ఖాళీ.
నికరం.

మూడో దాని కింద రెండు గీతలు గీశాడు.

కాంటా లెక్క అది. లారీని సరుకుతో ఒకసారి తూస్తారు, దింపేశాక ఖాళీగా ఇంకోసారి. మొదటి దాంట్లోంచి రెండోది తీసేస్తే మిగిలేదే అసలు సరుకు. ఇరవై ఎనిమిదేళ్ళు ఆయన చేసింది ఈ ఒక్క తీసివేతే. ఆయన పలక తుడిచి మళ్ళీ రాశాడు: "నా గోలంతా తీసేశా. పాపకి శుభ్రమైన పాటలు. మొదటి రోజు ఎక్కించి, మర్నాడు కూర్చుని ఏరాను. ఒక్కటీ వదల్లేదు."

ఆమె బావ వైపు చూసింది. బావ నేల వైపు చూస్తున్నాడు. స్పీకర్లో పాట తన మానాన తను పోతోంది.

"నాన్నా," అంది. "నాకు కావాల్సింది అదే నాన్నా. నీ గొంతు."

ఏడేళ్ళుగా ఆ ఇంట్లో ఎవరూ పైకి అనని మాట. నాన్న చేతిలో బలపం ఆగిపోయింది. చెయ్యి తనంతట తానే మెడ మీది గుడ్డ దగ్గరకు వెళ్ళింది.

"పాపకి వినిపిద్దామనుకున్నాను. దానికి తెలియాలని. ఈ పెట్టే, ఈ వైర్లూ, అంతా దానికోసమే. పాటలు ఎక్కడైనా దొరుకుతాయి నాన్నా."

ఆయన పలక తుడిచాడు. రాశాడు: "చెప్పలేదేం?"

"ఎలా చెప్పను?"

ఆయన తలూపాడు, అవును, ఎలా చెప్తావు అన్నట్టు. కాసేపటికి ఏదో తట్టి, గబగబా అరలోని పెట్టెను చూపించాడు. రాశాడు: "కార్బన్ కాపీ? రెండో డిస్కు?"

అంత ఆశగా ఆయన రాయడం ఆమె ఎప్పుడూ చూడలేదు.

"ఇందులో చెరిపితే అందులోనూ చెరిగిపోతుంది నాన్నా. అచ్చంగా."

బావ లేచి చొక్కా తగిలించుకున్నాడు. "ఆ బండివాడి దుకాణం నాకు తెలుసు. కేసెట్లు ఇంకా అక్కడే ఉండుంటాయి." తలుపు దగ్గర చెప్పులు వేసుకుంటూ అన్నాడు, "మావయ్యా, మీరలా ఉండకండి. ఆ సంచులు కట్టింది మీ కూతురు."

అతను వెళ్ళాక నాన్న చేతిలోంచి బలపం జారి నేల మీద పడింది. పాప ఒళ్ళోంచి దిగి పాకుతూ వెళ్ళి దాన్ని అందుకుని నోట్లో పెట్టుకుంది. ఆమె పరుగెత్తి వేలు పెట్టి తీసింది. అలవాటుగా ఆ బలపం ముక్కను పట్టుకుని చూస్తూ, ఇది ల్యాబుకు తీసుకెళ్ళాలి, జంటగా ఇంకో ముక్క దాచాలి అనుకుంది. అనుకుని, ఉన్నపళాన నిలబడిపోయింది.

జంట సీసాలు. ఏడు రోజులు.

ల్యాప్‌టాప్ ముందు కూర్చుంది. ముందుగా చేసిన పని ఆ ఏడు రోజుల లెక్కను ఆపెయ్యడం. తెల్లవారితే ఒక రోజు రాలిపోతుంది. తర్వాత ఒక్కో రోజూ తెరిచింది. నాన్న మొదటి రోజు ఎక్కించి రెండో రోజు కత్తిరించేవాడు. అంటే ప్రతి కేసెట్టూ ఒక్క తెల్లవారుజాము మాత్రం గోలతో సహా, మొత్తంగా, ఆ పెట్టెలో పడుకుని ఉంది. ఏడు తెల్లవారుజాములు. రోజుకు రెండు. పద్నాలుగు కేసెట్లు.

పంతొమ్మిది నుంచి ముప్పై రెండు దాకా.

పద్దెనిమిదీ అంతకు ముందువీ లేవు. తొమ్మిది లేదు. రెండుసార్లు చూసింది, మూడోసారి నాన్న చూశాడు.

బావ మధ్యాహ్నానికి తిరిగొచ్చాడు, వట్టి చేతులతో. "నిన్ననే లారీకి ఎక్కించేశారట. ప్లాస్టిక్కు అంతా ఒకటే లోడు." చెప్పులు విప్పుతూ ఆగి, ఎవరి వైపూ చూడకుండా అన్నాడు. "కాంటా వేసి మరీ పంపారట."

నాన్న భుజాలు కదిలాయి. ఆమె భయపడి దగ్గరకు వెళ్ళింది. ఆయన నవ్వుతున్నాడు. చప్పుడు లేకుండా, కళ్ళ వెంట నీళ్ళు కారేలా.

*

పంతొమ్మిదో కేసెట్టు ఆ సాయంత్రమే పెట్టారు. ముందు రేడియో కరకర, తర్వాత పాట, పాట వెనక ఎక్కడో ఇంజను గుర్రుమంటోంది. చరణం సగంలో, చెవి పక్కనే నిలబడ్డట్టు:

"పదకొండు వేలా... తొమ్మిదొందలా... అరవయ్! ఊఁ అను బాబూ, ఊఁ అంటేగా రాసేది!"

గంట రెండుసార్లు.

ఆమె పాప జుట్టులో మొహం దాచుకుంది. నాన్న కుర్చీలోంచి లేచి బాల్కనీలోకి వెళ్ళిపోయాడు. వెళ్ళి, తలుపు వెనకాలే నిలబడ్డాడు. గడప మీద ఆయన నీడ కనబడుతూనే ఉంది. నాలుగో బరువు దగ్గర తిరిగొచ్చి కూర్చున్నాడు. ఎవరో కొత్త మనిషి మాట్లాడుతుంటే వింటున్నట్టు తల వాల్చి విన్నాడు. వైపు అయిపోయాక పలక అందుకున్నాడు.

"ఎవడీ కుర్రాడు? తొందరెక్కువ."

బావ పొట్ట పట్టుకున్నాడు. ఆమె ఏడుస్తూనే నవ్వింది.

పాప ఎవరివైపూ చూడలేదు. స్పీకరు జాలీలో వేలు దూర్చడానికి ప్రయత్నిస్తోంది. పెద్ద తుఫాను అయ్యాక ఆకాశం ఏమీ ఎరగనట్టు ఉంటుందే, అలా ఉంది దాని మొహం. ఆ గొంతుకూ కుర్చీలోని తాతయ్యకూ మధ్య దానికి ఏ దారమూ లేదు. ఆమె అది గమనించింది.

కొన్నాళ్ళ తర్వాత, బట్టలు మడతపెడుతూ, ఎటో చూస్తూ అడిగింది. "నాన్నా, ఆ వాన రోజు నన్ను చూసి డ్రైవర్లతో ఏమన్నావు? నాకు సగమే గుర్తుంది."

ఆయన ఆలోచించనే లేదు. రాశాడు: "ఇరవై కిలోల సరుకొచ్చింది. తడవకుండా దారివ్వండి."

ఆమె ఆ అక్షరాలు చూస్తూ నిలబడింది. తడవకుండా అన్నది ఆమెకు గుర్తు లేని సగం. మాటలున్నాయి. వేల దగ్గర సాగదీయడానికి వేలు లేవు కదా, మరి ఆ రోజు దేన్ని సాగదీశాడు? ఇరవయ్ దగ్గర దించాడా, ఎత్తాడా? అడగాలనుకుంది. అడిగితే ఆయన ఎలా చెప్తాడు? ఈలోగా ఆయన అలవాటు ప్రకారం గుడ్డ తీసి పలక శుభ్రంగా తుడిచేసి, కొత్తగా రాశాడు: "పాప బలపం తింటోంది."

పెట్టెలో మొదటి పద్దెనిమిది కేసెట్ల నికరం పాటలు అలాగే ఉంచింది. అవి నాన్న పది రోజుల పని. తొమ్మిదో కేసెట్టు రెండో వైపు మాత్రం అందులోని పాటల్ని పక్క ఫోల్డరులోకి మార్చి, దాన్ని ఖాళీగా వదిలేసింది. ప్రోగ్రాం వారానికోసారి ఫోనులో అడుగుతుంది, ఈ ఫోల్డరులో ఏమీ లేదు, తీసెయ్యమంటారా అని. వద్దు అని నొక్కుతుంది. బావ ఓసారి వెనక నుంచి చూశాడు గానీ వెక్కిరించలేదు.

మిగిలిన పద్నాలుగూ రోజూ మోగుతున్నాయి. పాప అన్నం తినేటప్పుడు ఒకటి, స్నానం చేసేటప్పుడు ఒకటి. ఆమెకు ఇప్పుడు ఏ పాట తర్వాత ఏ బరువో మళ్ళీ కంఠస్థం. వినే కొద్దీ తీరుతుందనుకున్నది తీరడం లేదు. ల్యాబులో సీసాల మీద నంబర్లు రాస్తూ ఉన్నట్టుండి ఆగిపోతుంది, లేని కేసెట్లలో ఎన్ని వేలు, ఎన్ని వందలు ఉన్నాయో అని.

ఒక సాయంత్రం ఇంటికొచ్చి, చేతులు కడుక్కుని, తడిచేతులతోనే హాలు గుమ్మంలో ఆగింది. స్పీకరు ఆపేసి ఉంది. నాన్న కుర్చీలో కూర్చుని పేపరు చదువుతున్నాడు. నేల మీద పాప. బల్ల కోడును పట్టుకుని, ఊగుతూ, లేచి నిలబడి ఉంది. ఎదురుగా గోడ తప్ప ఏమీ లేదు. గోడకేసి నోరంతా తెరిచి అరిచింది.

అందులో ఒక్క మాట లేదు. అంకె లేదు. ఉన్నవన్నీ దానికి వచ్చిన నాలుగు అక్షరాలే. కానీ మొదటిది సాగదీసింది. రెండోది ఎత్తింది. ఆఖరిది బరువు కింద పెట్టినట్టు దించేసింది.

నాన్న పేపరు పక్కకు పెట్టాడు. గుమ్మంలో కూతురు ఉన్న సంగతి ఆయనకు తెలియదు. పాపనే చూస్తూ, వంగి, బలపంతో పలక చెక్క మీద రెండుసార్లు కొట్టాడు.

పాప బల్ల కోడు వదిలేసి, చతికిలబడి, గుడుగుడు పాక్కుంటూ ముందుకు కదిలింది.